బహుమతి ఇచ్చారు, సీటు ఇవ్వలేదు

ఆపెరా అంటే మా ధర్మపురి చుట్టుపక్కల ఊళ్లలో ఆడే చిందు బాగోతానికి దూరపు చుట్టం అనుకోండి. కథంతా పాటలోనే నడుస్తుంది. కాకపోతే అక్కడ మైకు పెట్టరు. పదుల కొద్దీ వాద్యగాళ్లు ఒక్కసారి వాయిస్తుంటే ఆ హోరు దాటి గొంతు చివరి వరుస దాకా పోవాలి.

ఆడవాళ్ల గొంతుల్లో పైస్థాయిది సొప్రానో, మధ్యది మెజ్జో సొప్రానో, కిందిది కాంట్రాల్టో. హీరోయిన్ వేషం దాదాపు ఎప్పుడూ సొప్రానోకే. మెజ్జోకి దక్కేది రాణి, మంత్రగత్తె, లేదా హీరోయిన్‌కి పోటీ వచ్చే ఆవిడ. (మన పాత సినిమాల్లో సూర్యకాంతం గారికి డ్యూయెట్లు పెట్టరు కదా, అట్లా.) కార్మెన్ లాంటి మినహాయింపులు కొన్ని ఉన్నాయి లెండి.

ఇప్పుడు చెప్పబోయే మెజ్జో పేరు గ్రేస్ బంబ్రీ. 1937లో అమెరికాలోని సెయింట్ లూయిస్‌లో పుట్టింది. నల్లజాతి కుటుంబం, తండ్రి రైల్వేలో పనివాడు, తల్లి టీచరు. 1954లో, పదిహేడేళ్లప్పుడు, ఆ ఊరి రేడియో స్టేషన్ పెట్టిన పాటల పోటీలో గెలిచింది. బహుమతిలో భాగంగా అక్కడి సంగీత విద్యాలయంలో చదువుకోవడానికి వెయ్యి డాలర్ల స్కాలర్‌షిప్ వచ్చింది. తీరా చూస్తే ఆ విద్యాలయం నల్లవాళ్లని చేర్చుకోదట! కావాలంటే తెల్లపిల్లలతో కలపకుండా విడిగా పాఠాలు చెబుతామన్నారు. తల్లి ఒప్పుకోలేదు. ప్రభుత్వ బడుల్లో తెల్ల నల్ల పిల్లల్ని వేరు చేయడం చెల్లదని అమెరికా సుప్రీంకోర్టు తీర్పిచ్చింది కూడా సరిగ్గా ఆ సంవత్సరమే.

గొంతు కావాలి, మనిషి వద్దు. మనకిదేమీ కొత్త కాదు. చిందు కళాకారులు దేవత వేషం కడితే ఊరంతా మొక్కేది, వేషం తీసాక వాళ్లు మళ్లీ ఊరి బయటి మనుషులే.

బంబ్రీ అక్కడ ఆగలేదు. బోస్టన్‌లో, తర్వాత నార్త్‌వెస్టర్న్‌లో చదివింది. అక్కడే ఒకప్పటి జర్మన్ సొప్రానో లోట్టే లేమాన్ కంట పడింది. లేమాన్ ఆమెని కాలిఫోర్నియాకి తీసుకెళ్లి దగ్గరుండి నేర్పింది. 1960లో పారిస్ ఆపెరాలో "ఐదా" నాటకంలో ఆమ్నెరిస్‌గా మొదటి వేషం. తమాషా ఏమిటంటే, ఆ కథలో బానిసగా ఉన్న ఇథియోపియా రాకుమారి సొప్రానో, ఆమెని ఏలే ఈజిప్టు రాకుమారి మెజ్జో. అంటే బంబ్రీ రాకుమారి అయ్యింది, బానిస కాదు.

1961 అసలు గొడవ. వాగ్నర్ నాటకాలకి కాశీ లాంటిది జర్మనీలోని బైరాయిట్. హిట్లర్‌కి చాలా ఇష్టమైన చోటు కూడా. అక్కడ వాగ్నర్ మనవడు వీలాండ్, "టాన్‌హాయిజర్"లో ప్రేమదేవత వీనస్ వేషానికి బంబ్రీని తీసుకున్నాడు. అక్కడ అంతకుముందు నల్లజాతి గాయని ఎవరూ పాడలేదు. ఛాందసులు మండిపడ్డారు. మా తాత రాసింది గొంతు రంగుకి, చర్మం రంగుకి కాదు అన్నట్టుగా వీలాండ్ జవాబిచ్చాడు. మొదటి రాత్రి ఆట అయ్యాక అరగంట పాటు చప్పట్లు ఆగలేదు, 42 సార్లు తెర ముందుకి రావాల్సి వచ్చిందంటారు. మరుసటి ఏడాది వైట్‌హౌస్‌లో పాడించారు. 1963లో లండన్ కోవెంట్ గార్డెన్, 1965లో న్యూయార్క్ మెట్రోపాలిటన్. రెండు చోట్లా మొదటి వేషం ఎబోలీయే, అదీ మెజ్జో పాత్రే.

1970ల్లో ఆమె సలోమే, టోస్కా లాంటి సొప్రానో పాత్రలకి మారింది. హీరోయిన్ వేషాల మీద ఎవరికి మోజుండదు చెప్పండి! నాకు మాత్రం ఆ మధ్యస్థాయి గొంతే ఇష్టం. ఆఫీసులో రాత్రిపూట బిల్డ్ నడుస్తున్నంతసేపూ కారయాన్ తీసిన 1967 నాటి కార్మెన్ సినిమా చూస్తుంటాను. భాష ఒక్క ముక్క అర్థం కాకపోయినా ఆవిడ ఎవరిని ఏడిపిస్తోందో తెలిసిపోతుంది.

1985లో "పోర్గీ అండ్ బెస్"ని మెట్రోపాలిటన్ మొదటిసారి వేసినప్పుడు బెస్ పాత్ర ఆమెకే వచ్చింది. నల్లవాళ్ల పేటలో పేదల కథ అది. ఇంత దూరం వచ్చాక మళ్లీ వెనక్కి పోవడమా అని మొదట ఆమెకి రుచించలేదు. తర్వాత, అది కూడా అమెరికా చరిత్రలో భాగమేగా అనుకుని పాడింది.