చిత్రపటముపై పద్యము: చీనాదేశపు కవులు, చిత్రకారులు

చీనాదేశపు ప్రాచీన చిత్రపటమును తొలిసారి చూచువారికి ఒక సందేహము కలుగక మానదు. పటమున కొండలు, మంచు, ఏరు, ఏటిలో చిన్న పడవ, అందు గోరంత మనుష్యుడు కనిపించును. అంతవరకు బాగుగనే యున్నది. కాని పైన, ఆకాశమునకై విడిచిన ఖాళీ స్థలమున, నిలువు వరుసలలో నల్లని వ్రాత యుండును. దాని ప్రక్కన ఎర్రని ముద్రలుండును. మన దేవాలయపు గోడమీది బొమ్మపై ఎవరైన బొగ్గుతో వ్రాసిపోయినచో గ్రామస్థులందరు కోపగింతురు. అట్టిచో చీనీయులు తమ ఉత్తమ చిత్రములపై వ్రాత నేల సహించిరి? సహించుటయే కాక, ఏల కోరిరి?

ఆ వ్రాత తరచుగా పద్యము. అది చిత్రమునకు పేరు కాదు, వ్యాఖ్యానమును కాదు. చిత్రము చెప్పలేనిది పద్యము చెప్పును. పద్యము బాహాటముగా చెప్ప జంకినది చిత్రము చెప్పును. ఈ కలయిక ఎట్లు పుట్టెనో, కష్టకాలములందు అది ఆ దేశపు చదువరులకు ఎట్లు అక్కరకు వచ్చెనో తెలుపుట ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

మొదట పనిముట్ల సంగతి చూడవలెను. మన దేశమున కవి గంటము పట్టి తాటియాకుపై అక్షరములను గీచెను; చిత్రకారుడు కుంచెను రంగులో ముంచెను. ఇద్దరి సాధనములు వేరు. తరచుగా ఇద్దరి కులవృత్తులును వేరు. చీనాలో వ్రాతకును బొమ్మకును ఒకటే కుంచె, ఒకటే సిరా, ఒకటే కాగితము లేక పట్టువస్త్రము. పైన్ కట్టెలను కాల్చగా వచ్చిన మసిని జిగురుతో కలిపి కడ్డీలుగా చేసి ఆరబెట్టుదురు. ఆ కడ్డీని రాతిపలకపై నీటితో అరగదీయగా సిరా సిద్ధమగును. కుంచె, సిరాకడ్డీ, కాగితము, రాతిపలక అను ఈ నాలుగింటిని చదువుగదిలోని నాలుగు నిధులని వారు పేర్కొందురు. సిరా ఒకసారి కాగితమును తాకినచో తుడిచివేయుటకు వీలులేదు. అక్షరపు గీతకు చేయి ఎట్లు తిరుగునో వెదురాకునకును ఇంచుమించు అట్లే తిరుగును. చిన్ననాటినుండి వేలకొలది అక్షరములను కుంచెతో దిద్దినవానికి చిత్రకళలో కొంత అభ్యాసము తెలియకయే కలిగియుండును.

దీనికి తోడు రాజోద్యోగమునకు పరీక్షలుండెను. తాంగ్ వంశపు కాలమున, అనగా క్రీ. శ. 618 నుండి 907 వరకు, ఆ పరీక్షలలో పద్యరచనయు చేరియుండెను. కావున జిల్లాను ఏలు అధికారులలోను, మంత్రులలోను పద్యము చెప్పగలవారు విశేషముగా నుండిరి. చీనీయులు మనవలెనే ఇంటిపేరును ముందు చెప్పుదురు. ఈ వ్యాసమున జెంగ్ అను ఇంటిపేరు గలవారు ముగ్గురు కనిపింతురు. వారు ఒకరికొకరు శతాబ్దముల దూరమున జీవించినవారని చదువరులు గ్రహింతురు గాక.

వారిలో మొదటివాడు జెంగ్ చియెన్. ఆయన తాంగ్ చక్రవర్తి షువాన్‌జోంగ్ ఆస్థానమున నుండెను. కాగితము కొనుటకు శక్తిలేక, రాజధానిలోని ఒక బౌద్ధ విహారమున గదుల నిండ నిలువచేసిన పర్సిమన్ చెట్టు ఆకులపై దినదినము వ్రాసి చేయి కుదుర్చుకొనెనని చరిత్రకారులు చెప్పుదురు. తాటియాకుపై చదువు నేర్చిన మనవారికి ఈ సంగతి వింతగా తోచదు. ఆయన ఒకనాడు తాను రచించిన పద్యమును, తాను లిఖించిన చిత్రమును చక్రవర్తికి సమర్పింపగా, పద్యము, చేతివ్రాత, చిత్రము అను మూడింటను ఆయన అసమానుడని చక్రవర్తి స్వహస్తముతో వ్రాసి మెచ్చుకొనెను. నాటినుండి ఆ మూడును ఒకనియందే కూడియుండుట చదువరులకు ఆదర్శమయ్యెను.

ఆ కాలమువాడే వాంగ్ వే. బౌద్ధమతమున మిక్కిలి భక్తి గలవాడు. మన దేశపు బౌద్ధ గ్రంథములలో ప్రసిద్ధుడైన విమలకీర్తి పేరును చీనీయులు వేమోజియే అని పలుకుదురు. వాంగ్ వే తనకు మోజియే అను వ్యవహారనామమును పెట్టుకొని, రెండు పేర్లను కలిపిన విమలకీర్తి యగునట్లు చేసికొనెను. రాజధాని చాంగాన్‌కు దక్షిణపు కొండలలో వాంగ్‌చువాన్ అను చోట ఆయనకు ఒక తోట యుండెను. అందలి 20 స్థలములపై ఆయన 20 చిన్న పద్యములు చెప్పెను. మిత్రుడు పే దీ అవే స్థలములపై మరి 20 చెప్పెను. ఆ తోటనే వాంగ్ వే దీర్ఘమైన చిత్రముగా కూడ లిఖించెను. అసలు చిత్రము నశించినది. తరువాతివారు చేసిన ప్రతులే మిగిలినవి. పద్యములు మాత్రము నిలిచినవి.

క్రీ. శ. 755లో ఆన్ లూషాన్ అను సేనాని తిరుగుబాటు చేసి, మరుసటి యేడు రాజధానిని పట్టుకొనెను. వాంగ్ వే తిరుగుబాటుదారుల చేతికి చిక్కి, వారి కొలువున ఉద్యోగము చేయవలసివచ్చెను. చక్రవర్తి సైన్యము మరల జయించిన పిమ్మట అది రాజద్రోహముగా విచారింపబడెను. చెరలో నుండగా రాజ్యపు దుఃస్థితికి వగచి ఆయన చెప్పిన పద్యము అప్పటికే చక్రవర్తి చెవిని సోకియుండెను. తమ్ముడు వాంగ్ జిన్ అన్నను కాపాడుటకై తన పదవిని తగ్గింపుడని వేడుకొనెను. ఆ పద్యమును ఈ ప్రార్థనయు ఆయన ప్రాణమును నిలిపెను.

పద్యము వలన ప్రాణము దక్కినవాడు వాంగ్ వే యైనచో, పద్యము వలన చెరసాల పాలైనవాడు సూ షీ. ఈయన సుంగ్ వంశపు కాలమున క్రీ. శ. 1037లో జన్మించెను. వాంగ్ వే పద్యములలో చిత్రములును, చిత్రములలో పద్యములును ఇమిడియున్నవని ఈయన వెల్లడించిన అభిప్రాయము ఆ దేశపు కళాచరిత్రలో స్థిరపడెను. కేవలము పోలికను చూచి చిత్రమును మెచ్చుట పసితనమనియు ఈయన మతము.

సూ షీకి వెన్ తొంగ్ అను బంధుమిత్రు డుండెను. సిరాతో వెదురును లిఖించుటలో ఆయన మేటి. కణుపు తరువాత కణుపుగా వెదురును పేర్చరాదనియు, కుంచె పట్టకముందే సంపూర్ణమైన వెదురు మనస్సున నిలువవలెననియు ఆయన సూ షీకి బోధించెను. వెన్ తొంగ్ 1079లో మరణించెను. ఆ యేడే, ఏడవ నెల ఏడవ దినమున, ఆ దేశాచారము ననుసరించి సూ షీ హూజౌ నగరమున తన పుస్తకములను, పటములను ఎండబెట్టుచు, మిత్రుడు ఇచ్చిన వెదురు చిత్రము కంటబడగా దానిని ప్రక్కన పెట్టి విలపించెను. ఆ దుఃఖమున వ్రాసిన వ్యాసమే పైన చెప్పిన బోధను నేటివరకు నిలిపియుంచినది.

కొన్ని దినములకే రాజభటులు వచ్చి సూ షీని బంధించి తీసికొనిపోయిరి. నాటి ప్రభుత్వపు క్రొత్త చట్టములను పద్యములలో ఆక్షేపించెనని నేరము. ఉప్పు వ్యాపారముపై ప్రభుత్వము పెట్టిన నిర్బంధము వలన కొండపల్లెల వృద్ధులకు ఉప్పు సహితము కరవైన సంగతి ఆ పద్యములలో నొకదానియందు కలదు. సుమారు నాలుగు నెలలు చెరలో నుంచి, పిమ్మట ఆయనను హ్వాంగ్‌జౌ అను దూరప్రాంతమునకు పంపివేసిరి. అక్కడ ఊరి తూర్పువాలున కొంత భూమిని స్వయముగా సాగుచేసికొని, ఆ స్థలము పేరిట తొంగ్‌పో అని తన్ను తాను పిలుచుకొనెను.

ఇట్లు పద్యము ప్రమాదకరమైనపుడు వెదురు, రాయి, ఎండిన చెట్టు మాటలాడనారంభించెను. వంగియు విరుగనిది వెదురు. దాని చిత్రమును మిత్రునకు పంపినచో, పంపినవాని మనస్సు గ్రహించువానికి తెలియును. నేరము మోపుటకు మాత్రము అందు అక్షరము లేదు.

చిత్రమునకు పద్యమునే పరీక్షగా పెట్టిన చక్రవర్తి హుయిజోంగ్. ఈయన 1100లో సింహాసన మెక్కెను. చిత్రకారుల ప్రవేశపరీక్షలో పూర్వకవుల పద్యపాదములను విషయములుగా ఇచ్చి, వానిని చిత్రింపుమనెడివారు. దెంగ్ చున్ అను గ్రంథకర్త 1167 నాటి తన గ్రంథమున రెండు ఉదాహరణములను తెలిపెను. ఒకసారి విషయము, దాటువారు లేని ఏటి యొడ్డున దినమంతయు ఊరకయున్న పడవ. పలువురు శూన్యమైన పడవను, దాని అంచున వ్రాలిన కొంగను లిఖించిరి. గెలిచినవాడు పడవ వెనుక భాగమున పిల్లనగ్రోవితో పండుకొనియున్న సరంగును లిఖించెను. సరంగు లేడని కాదు. దాటించుటకు బాటసారులే లేరని అతడు గ్రహించెను. మరియొకసారి విషయము, కొండల నడుమ మరుగుపడిన పాత దేవాలయము. ఇతరులు గోపురపు కొననో కప్పునో చూపిరి. గెలిచినవాడు కొండలను మాత్రమే లిఖించి, వానిపై ఒక ధ్వజస్తంభపు కొనను చూపెను. గుడి కనబడినచో అది మరుగుపడినట్లు కాదు గదా! మన ఆలంకారికులు ధ్వని యని చెప్పినదానికి ఇది కంటికి కనబడు ఉదాహరణము.

హుయిజోంగ్ స్వయముగా కవి, చిత్రకారుడు. 1112లో రాజద్వారముపై కొంగలు గుంపుగా ఎగిరిన శుభశకునమును లిఖించి, దాని ప్రక్కన తన సన్నని చేతివ్రాతలో పద్యము వ్రాసెను. ఇంతటి రసికుని పాలనముననే సూ షీ గ్రంథముల అచ్చుపలకలను నాశనము చేయవలసినదని ఆజ్ఞలు వెలువడెను. రాజ్యరక్షణమును ఉపేక్షించిన ఆ చక్రవర్తి 1127లో ఉత్తరదేశపు జుర్చెన్లకు బందీయై, 1135లో పరదేశముననే మరణించెను. కళాభిరుచి యొకటే పాలకునకు చాలదని ఆయన చరిత్ర తెలుపుచున్నది.

1279లో సుంగ్ రాజ్యము మంగోలుల పాలై పూర్తిగా నశించెను. అప్పుడు రెండవ జెంగ్, జెంగ్ సిషియావ్, క్రొత్త ప్రభువులను సేవింపక ఏకాంతముగా జీవించెను. ఆయన ఆర్కిడ్ పూమొక్కను లిఖించెడివాడు. ఎవరు చూడకున్నను లోయలో పరిమళించునది గనుక అది చీనీయులకు సజ్జనుని గుర్తు. 1306 నాటి ఆయన చిత్రము జపానులోని ఒసాకా నగరపు మ్యూజియమున నున్నది. మూరెడు పొడవైనను లేని కాగితమున కొన్ని ఆకులు, ఒక పూవు, ప్రక్కన పద్యము. మొక్కకు క్రింద నేల లేదు. నేల ఏదని యడుగగా, దానిని పరాయివారు అపహరించిరి గదా యని ఆయన పలికెనని ప్రతీతి. రాజ్యము పోయిన వాని దుఃఖమును చూపుటకు ఆయనకు ఖాళీ కాగితమే చాలినది.

చిత్రముపై వ్రాత యెల్లప్పుడు మేలే చేసెనని చెప్పరాదు. 1350 నాటికి హ్వాంగ్ గోంగ్‌వాంగ్ లిఖించిన ఫూచున్ కొండల చిత్రము మిక్కిలి ప్రసిద్ధము. దాని యజమాని యొకడు 1650లో మరణకాలమున దానిని తనతో తీసికొనిపోవ నెంచి నిప్పులో వేయించెను. బంధువొకడు లాగివేయగా చిత్రము రెండు తునుకలై దక్కెను. అందు పెద్ద తునుకయు, దానికి ఒక నకలును చియెన్‌లోంగ్ చక్రవర్తి కొలువు చేరెను. ఆయన నకలునే అసలని భ్రమపడి, దానిపై యాభైకి పైగా వ్రాతలు వ్రాసి ఖాళీ స్థలమంతయు నింపెను. అసలు చిత్రము నకలని యెంచబడుట చేతనే ఆ వ్రాతలనుండి తప్పించుకొనెను. రెండు తునుకలును 2011లో తైపే నగరమున ఒకచోట ప్రదర్శింపబడెను.

ఆ చియెన్‌లోంగ్ కాలమువాడే మూడవ జెంగ్, జెంగ్ బాన్‌చియావ్. ఆయన 1746 నుండి షాన్‌దొంగ్ రాష్ట్రమున వే జిల్లాకు అధికారిగా నుండెను. అప్పుడు ఘోరమైన కరవు వచ్చెను. ఆయన ఊరి నిర్మాణపు పనులను ఆరంభించి ఆకలిగొన్నవారికి కూలి చూపెను. ధనవంతులచే వంతులవారీగా గంజి కేంద్రములు పెట్టించెను. నిలువచేసిన ధాన్యమును న్యాయమైన ధరకు అమ్మించెను. ఆ రోజులలో పైయధికారికి ఒక వెదురు చిత్రమును పద్యముతో పంపెను. కచేరిలో పండుకొని వెదురాకుల గలగల వినినపుడు అది పేదప్రజల మూలుగేమో యని తోచుచున్నదని ఆ పద్యమున భావము. పైవారికి పంపవలసిన నివేదికలు ఎన్నియో యుండును. ఈ వెదురు కొమ్మ మాత్రము రెండున్నర శతాబ్దములు దాటియు మరపునకు రాలేదు. 1753లో ఉద్యోగము విడిచి, యాంగ్‌జౌ నగరమున చిత్రములమ్ముకొని జీవించెను. పెద్దపటమునకు 6, నడిమిదానికి 4, చిన్నదానికి 2 లియాంగుల వెండి యని ధరల పట్టికను ప్రకటించి, కానుకలకంటె వెండియే మేలని చమత్కారముగా తెలిపెను.

మన విష్ణుధర్మోత్తర పురాణమున వజ్రమహారాజు ప్రతిమాలక్షణమును బోధింపుమని మార్కండేయమహర్షిని కోరగా, చిత్రము తెలియక ప్రతిమ తెలియదనియు, నృత్యము తెలియక చిత్రము తెలియదనియు, వాద్యగీతములు తెలియక నృత్యము తెలియదనియు మహర్షి చెప్పెను. కళలు ఒకదానినొకటి ఆశ్రయించియుండునను సత్యమును రెండు దేశములును గుర్తించినవి. మనవారు దానిని నాట్యముతో ముడిపెట్టిరి. చీనీయులు చేతివ్రాతతో ముడిపెట్టిరి.

వాంగ్ వే చిత్రము నశించినను పద్యములు మిగిలెను. సూ షీ గ్రంథములపై ఆజ్ఞలు వెలువడినను చదువరులు వానిని విడువలేదు. ఆజ్ఞాపించిన కొలువు కూలిపోయెను. గ్రంథములు నేటికిని చదువబడుచున్నవి. వానిని దాచినవారి పేర్లు చాలవరకు మనకు తెలియవు. ఏటేట బీరువాలు తెరచి, పుస్తకములను ఎండకు పెట్టి, చెదలు దులిపి, మరల వరుసగా సర్దుచు ఇరువదియైదేండ్లు నడచిన గ్రామ గ్రంథాలయమును ఆ జాతి పనియే చేయుచున్నది. అది మరి నూరేండ్లు వర్ధిల్లుగాక.