పందికొక్కు నుంచి బాండికూట్ దాకా: ఒక మాట ప్రయాణం, దాని సాక్ష్యాలు

ఇంగ్లీషులో అరుదుగా వినిపించే మాటల్లో 'బాండికూట్' ఒకటి. నిఘంటువు తెరిస్తే ఆ పేరు కింద రెండు జంతువులు కనిపిస్తాయి. ఒకటి మన దేశంలోనూ ఆగ్నేయాసియాలోనూ పంటను దోచే పెద్ద ఎలుక. రెండోది ఆస్ట్రేలియా, న్యూగినీల్లో తిరిగే, పొట్టసంచిలో పిల్లల్ని పెంచే జంతువు. ఈ రెంటికీ చుట్టరికం లేదు. పేరు మాత్రం ఒక్కటే. ఆ పేరుకు మూలంగా ఇంగ్లీషు నిఘంటువులు చూపేది తెలుగు 'పందికొక్కు'.

ఈ సంగతి మనవాళ్లు గర్వంగా చెప్పుకుంటారు. అందులో తప్పులేదు. అయితే మన భాష నుంచి ఇంగ్లీషులోకి వెళ్లాయని చెప్పుకునే మాటలన్నీ పరీక్షకు నిలబడవు. ఉచ్చారణ కాస్త దగ్గరగా ఉంటే చాలు, మూలం దొరికిందనుకోవడం మనకు అలవాటైంది. ఒక మాట ఫలానా భాషదని తేల్చాలంటే మూడు ప్రశ్నలు వేసుకోవాలి. అర్థం కుదురుతోందా? ధ్వని కుదురుతోందా? రాతలో దొరికే ఆధారాలు ఆ కాలానికీ ఆ చోటుకూ సరిపోతున్నాయా? 'బాండికూట్'ను ఈ మూడు ప్రశ్నల ముందు నిలబెట్టి చూడటమే ఈ వ్యాసం ఉద్దేశం.

మాటను విప్పి చూస్తే

'పందికొక్కు'లో రెండు మాటలున్నాయి: పంది, కొక్కు. రెండోదాన్ని ఇప్పుడు మనం విడిగా వాడటం లేదు. పాత తెలుగులో అది విడిగా బతికిన మాటే. ఎలుకనెక్కి తిరిగే వినాయకుడికి 'కొక్కురౌతు' అన్న పేరు పాత నిఘంటువుల్లో ఉంది. అంటే పందికొక్కు అనగానే 'పందిలాంటి ఎలుక' అన్న అర్థం తెలుగువాడికి మాటలోనే దొరుకుతుంది.

ఇరుగుపొరుగు భాషల్లో ఇదే జంతువు పేర్లు వేరు. తమిళంలోనూ మలయాళంలోనూ అది 'పెరుచ్చాళి'. కన్నడంలో 'హెగ్గణ'. హిందీ, మరాఠీల్లో 'ఘూస్'. వీటిలో ఏదీ 'బాండికూట్'కు దగ్గర్లో లేదు. మూలం తేల్చడంలో ఇది గట్టి సాక్ష్యం. అరువు మాట సాధారణంగా అరువిచ్చిన భాషలోనే ముక్కలుగా విడిపోయి అర్థమిస్తుంది, తీసుకున్న భాషలో గుండురాయిలా ముద్దగా ఉండిపోతుంది. ఇంగ్లీషువాడికి 'బాండి' అంటే ఏమిటో, 'కూట్' అంటే ఏమిటో ఆ జంతువుతో ముడిపెట్టి చెప్పే దారి లేదు.

ఎలుకకు పంది పేరెందుకు తగిలింది? కారణాలు ఒకటికి మించి కనిపిస్తాయి. పెద్ద పందికొక్కు ఒళ్లు ఒక అడుగు దాకా ఉంటుంది, తోక అదనం. వీపు మీద బిరుసైన పొడవాటి వెంట్రుకలుంటాయి. బెదిరిస్తే వాటిని నిక్కబొడుచుకుని గుర్రుమంటుంది. నేలను తవ్విపోస్తుంది. పరిమాణం, వెంట్రుకలు, గుర్రు, తవ్వకం నాలుగూ పందిని తలపించేవే. పేరు పెట్టినవాళ్ల మనసులో ఏది ముందు మెదిలిందో ఒక్క మాటను పట్టుకుని తేల్చలేం. నాలుగింటిలో ఒకదాన్ని ఎంచుకుని అదే కారణమని రాయడం సాక్ష్యం దాటి పోవడమే.

వరి పాలుపోసుకునే రోజుల్లో పొలం గట్టు వెంట నడిస్తే దాని పని కంటపడుతుంది. గట్టు పక్కన కొత్తగా తోడిన మట్టి కుప్ప, దాని పక్కన కలుగు, కలుగు చుట్టూ కొరికి పడేసిన పిలకలు. గింజ గట్టిపడ్డాక కంకులు కొరికి లోపలికి ఈడ్చుకుపోతుంది. కలుగు తవ్వితే లోపలి అరల్లో దాచుకున్న ధాన్యం దొరుకుతుంది. పొలాల్లో ఈ పని ఎక్కువగా చేసేది చిన్న పందికొక్కు. దాని శాస్త్రీయ నామం 'బాండికోటా బెంగాలెన్సిస్'. పెద్దది 'బాండికోటా ఇండికా'. 'గాదె కింద పందికొక్కు' అన్న మన పలుకుబడి ఈ దాచుకునే అలవాటు చూసి పుట్టిందేనని నమ్మవచ్చు. ప్రజల సొమ్ము తిన్నవాళ్లను పందికొక్కులతో పోల్చడం నేటికీ మన పత్రికల్లో చూస్తున్నాం. హిందీలో 'ఘూస్' అంటే ఈ ఎలుకా, లంచమూ కూడా. ఆ రెండు అర్థాలూ ఒకే మూలం నుంచి వచ్చాయని మాత్రం ఈ పోలికను బట్టి చెప్పకూడదు.

ధ్వని పరీక్ష

'ప' ఎలా 'బ' అయింది? ఇంట్లోనే చేసుకోదగ్గ పరీక్ష ఒకటుంది. అరచేతిని పెదవుల ముందు పెట్టుకుని 'పంది' అనండి. చేతికి గాలి పెద్దగా తగలదు. ఇంగ్లీషు మాతృభాషగా ఉన్నవాళ్లు 'పెన్' అన్నప్పుడు అదే చోట గాలి గట్టిగా తగులుతుంది. వాళ్ల మాట మొదటి 'ప' మన 'ఫ'కు దగ్గరగా, ఒత్తుతో పలుకుతుంది. ఒత్తులేని మన 'ప' వాళ్ల చెవికి చాలాసార్లు 'బ'లా వినిపిస్తుంది. 'పంది' 'బాండి' కావడానికి ఇది సరిపోయే వివరణ.

సరిపోయే వివరణ అన్నంత మాత్రాన తప్పనిసరి సూత్రం అనలేం. తమిళ 'పఱైయర్' నుంచి ఇంగ్లీషులోకి వెళ్లిన 'పరియా'లో 'ప' చెక్కుచెదరలేదు. దక్షిణాది 'ప' ప్రతిసారీ 'బ' అయి తీరుతుందని చెబితే ఈ మాట దగ్గరే ఆ సూత్రం ఓడిపోతుంది. కాబట్టి ధ్వని సాక్ష్యం 'ఇలా జరిగి ఉండవచ్చు' అనే దాకానే వస్తుంది.

'కొక్కు' 'కూట్' కావడం ఇంకాస్త చిక్కు. ఇక్కడ లాటిన్ శాస్త్రీయ నామం ఒక చిన్న సాయం చేస్తుంది. జర్మన్ ప్రకృతి శాస్త్రవేత్త బెహ్‌స్టైన్ ఈ ఎలుకకు 'బాండికోటా' అని పేరు పెట్టాడు. 1873లో బ్రిటిష్ జంతుశాస్త్రవేత్త జాన్ ఎడ్వర్డ్ గ్రే ఆ మాటనే ప్రజాతి పేరుగా స్థిరపరిచాడు. 'బాండికోటా'లో 'కొ' అచ్చు తెలుగుకు దగ్గరగా నిలిచి ఉంది. ఇంగ్లీషు 'కూట్'లో అది మారింది. చివరి 'క్కు' స్థానంలో 'ట' రావడానికి, నీటికోడి జాతి పక్షిని ఇంగ్లీషువాళ్లు 'కూట్' అని పిలవడం తోడ్పడి ఉండవచ్చు. పరాయి మాటను తెలిసిన మాట అచ్చులో పోసుకోవడం ఏ భాషలోనైనా ఉన్నదే. ఇది ఊహ అని గుర్తుపెట్టుకుని వాడితే ఇబ్బంది లేదు. నిర్ధారణగా రాస్తేనే తప్పు.

రాతలో ఆధారాలు

1886లో హెన్రీ యూల్, ఆర్థర్ బర్నెల్ కూర్చిన 'హాబ్సన్-జాబ్సన్' నిఘంటువు ఈ మాటను సూటిగా తెలుగు 'పందికొక్కు' నుంచి వచ్చిందని రాసింది. బర్నెల్ మద్రాసు ప్రెసిడెన్సీలో పనిచేసి దక్షిణాది భాషల్ని దగ్గర నుంచి చూసినవాడు. ఆ పుస్తకం తేదీలవారీగా పాత రచనల్ని కూడా చూపుతుంది. ఆ పాత రచనల్ని చదివేటప్పుడు ఒక తేడా పాటించాలి.

14వ శతాబ్దంలో దౌలతాబాద్ కోట చెరసాలలో పిల్లుల కన్నా పెద్ద ఎలుకలున్నాయని ఇబ్న్ బతూతా రాశాడు. 1698లో అచ్చయిన జాన్ ఫ్రయర్ యాత్రాగ్రంథంలో ఇళ్ల కింద బొరియలు తవ్వి కోళ్ల మీద పడే పెద్ద ఎలుక ప్రస్తావన ఉంది. దాని పరిమాణాన్ని ఆయన పందితో పోల్చాడు. ఇవి జంతువుకు సాక్ష్యాలు. మాటకు సాక్ష్యాలు కావు. ఫ్రయర్ వాక్యంలో పంది వచ్చింది కాబట్టి ఆయన తెలుగు పేరు విని ఉంటాడనుకోవడం తొందరపాటు. ఆ జంతువును చూస్తే ఎవరికైనా ఆ పోలిక తట్టవచ్చు.

మాటే కనిపించే తొలి రాతల్లో ఒకటి 1789 నాటిది. కోరమాండల్ తీరంలో జరిగిన యుద్ధాల గురించి ఇన్నెస్ మన్రో రాసిన గ్రంథంలో 'బాండికూట్' ఉంది. ఆయన దాన్ని దుర్వాసన వేసే ఎలుకగా చెప్పి, కస్తూరి ఎలుక అన్న పేరుతో కలిపేశాడు. కంపు కొట్టేది చుంచు. అది వేరే జంతువు. అంటే మాట ఇంగ్లీషులోకి వచ్చిన తొలినాళ్లలో దాని అర్థం ఇంకా కుదురుకోలేదని ఈ సాక్ష్యం చెబుతోంది.

చోటు కూడా సరిపోతోంది. ఈస్టిండియా కంపెనీ 1611లోనే మచిలీపట్నంలో స్థావరం పెట్టింది. 1639లో మద్రాసు స్థలం సంపాదించింది. అక్కడి కంపెనీ వ్యాపారంలో తెలుగు వర్తకుల పాత్ర పెద్దది. తెలుగును అప్పటి ఇంగ్లీషువాళ్లు 'జెంటూ' అనేవాళ్లు. తమిళ నేల మీదున్న మద్రాసులో తెలుగు పేరు వాళ్ల నోట పడటానికి ఈ పరిస్థితి వీలిచ్చింది. ఇది పరిస్థితి చెప్పే సాక్ష్యం. ఫలానా రోజున ఫలానావాడు విన్నాడని చూపే సాక్ష్యం వేరు.

సముద్రం దాటిన పేరు

ఆస్ట్రేలియాలో బ్రిటిష్ వలస 1788లో మొదలైంది. ఆ కొత్త స్థావరానికి సరుకులు తెచ్చిన నౌకల్లో కలకత్తా నుంచి బయలుదేరినవీ ఉన్నాయి. 1797లో టాస్మేనియాకు ఉత్తరాన మునిగిన 'సిడ్నీ కోవ్' అలాంటిదే. భారతదేశంలో అలవాటైన ఇంగ్లీషు మాటలు ఈ రాకపోకలతో అక్కడికి చేరడం సహజం. పొడవాటి మూతితో నేలను తవ్వే కొత్త జంతువును చూసి, పాత పేరు తగిలించారు.

పేరు ఒకటైనా జంతువు పూర్తిగా వేరు. ఆస్ట్రేలియా బాండికూట్ కంగారూలా సంచి జంతువు. సంచి నోరు వెనక్కి తిరిగి ఉంటుంది కాబట్టి తవ్వేటప్పుడు అందులో మట్టి పడదు. కొన్ని జాతుల్లో గర్భకాలం పన్నెండున్నర రోజులే. క్షీరదాల్లో ఇంత తక్కువ కాలం చాలా అరుదు. అది తినేది ఎక్కువగా పురుగుల్ని, దుంపల్ని. దాని తవ్వకం నేలను గుల్ల చేసి నీరు ఇంకేలా చేస్తుంది. పంట దోచే ఎలుక పేరు అడవి నేలకు మేలు చేసే జంతువుకు దక్కిందన్నమాట.

ఆస్ట్రేలియా ఇంగ్లీషులో ఈ మాట క్రియగానూ మారింది. మొక్కను కదిలించకుండా, పైన ఆకు అలాగే ఉంచి, చేత్తో మట్టి తోడి బంగాళాదుంపలు మాత్రం తీసుకోవడాన్ని 'బాండికూట్ చేయడం' అంటారు. కాలిన గుట్ట మీద ఒంటరిగా మిగిలిన బాండికూట్‌తో దిక్కులేనివాణ్ణి పోలుస్తారు. బట్టతలకూ దీన్నే పోలికగా తెస్తారు. ఈ వాడుకలన్నీ అక్కడి నేల మీద పుట్టినవి. వాటి ఖాతా తెలుగుకు రాసుకోలేం.

మాట మూలం అక్కడ ఎంతగా మరుగున పడిందో ఒక జాతి పేరు చూపిస్తుంది. ముందు కాళ్లకు గిట్టల్లాంటి రెండేసి వేళ్లున్న ఒక జంతువును 'పందికాళ్ల బాండికూట్' అని పిలిచారు. 'బాండి'లోనే పంది ఉందని పేరు పెట్టినవాళ్లు ఎరగరు. తెలుగు చెవికి ఆ పేరులో పంది రెండుసార్లు వినిపిస్తుంది. ఆ జంతువు ఇప్పుడు లేదు, 20వ శతాబ్దంలో అంతరించిపోయింది. విక్టోరియా రాష్ట్రంలో చారల బాండికూట్ మాత్రం సంరక్షకుల కృషితో నిలదొక్కుకుంది. 'అడవిలో అంతరించినది' అన్న స్థితి నుంచి 2021లో దాన్ని 'ప్రమాదంలో ఉన్నది' అన్న మెట్టుకు చేర్చారు.

1996లో వచ్చిన 'క్రాష్ బాండికూట్' వీడియో గేమ్ ఈ పేరును ప్రపంచంలోని పిల్లలకు చేర్చింది. ఈ మధ్య అదే మాట దక్షిణ భారతానికి తిరిగొచ్చింది. మనిషిని మ్యాన్‌హోల్‌లోకి దించకుండా శుభ్రం చేసే యంత్రానికి కేరళకు చెందిన జెన్‌రోబోటిక్స్ సంస్థ 'బాండికూట్' అని పేరు పెట్టింది. 2018లో తిరువనంతపురంలో అది పనిలోకి దిగింది. 'పెరుచ్చాళి' అనే మలయాళీల నేల మీద, ఇంగ్లీషు వేషంలో, తెలుగు మూలం ఉన్న మాట అది.

ఏది తేలింది, ఏది తేలలేదు

'బాండికూట్' మూలం తెలుగు 'పందికొక్కు' అన్నది గట్టి నిర్ధారణ. అర్థం, పోటీ పేర్లు లేకపోవడం, నిఘంటువుల సాక్ష్యం మూడూ ఒకే దిక్కు చూపుతున్నాయి. 'ప' 'బ'గా మారిన తీరు, తెలుగు తీరంలోని కంపెనీ స్థావరాల ద్వారా మాట ఇంగ్లీషులో చేరిన దారి బలమైన సంభావ్యతలు. 'కూట్' రూపం మీద పక్షి పేరు ప్రభావం ఊహ మాత్రమే. ఆస్ట్రేలియా జంతువుకు తెలుగువాళ్లు పేరు పెట్టారన్న ప్రచారానికి ఆధారం లేదు. ఆ పేరు పెట్టింది ఇంగ్లీషు మాట్లాడేవాళ్లు, అప్పటికే తమదైపోయిన మాటతో.

ఈ మాట ఇంత దూరం జాడ పట్టడానికి వీలైంది ఒకే కారణం వల్ల: ఎవరో ఎక్కడో విన్న పేరును, కొంత తప్పుగానైనా, తేదీతో సహా రాసిపెట్టారు. మన ఊళ్లలో పక్షులకు, పురుగులకు, చేపలకు, ఎలుకలకు ఉన్న పేర్లు ఎన్నో ఇంకా ఏ నిఘంటువులోనూ చేరలేదు. పొలంలో పనిచేసే పెద్దల నోట అలాంటి పేరు వినిపించినప్పుడు దాన్ని రాసుకోండి. పేరుతోపాటు ఊరు, తేదీ, ఆ జంతువు గుర్తులు కూడా రాయండి. రేపటి పరిశోధకుడికి సాక్ష్యం అదే.