సర్కారు నేల - సాగుబడి హక్కు

ఒక రైతు ఒకే చెలకను ముప్పదియేండ్లు దున్ని, ఏటేట సర్కారునకు రొక్కము చెల్లించి, రసీదులన్నియు పెట్టెలో భద్రపరచుకొన్నాడనుకొందము. ఆ భూమి అతనిదగునా? ఈ ప్రశ్నకు నగరి సీమలో ఏ తరమువారును సులభముగ సమాధానము చెప్పలేకపోయిరి. ఆ చిక్కు ఎట్లు పుట్టినదో తెలియవలెనన్న మనము కొంత వెనుకకు పోవలెను.

నగరి పూర్వము కార్వేటినగర సంస్థానములోనిది. 1802లో చెన్నపట్టణపు ప్రభుత్వము శాశ్వత పైసలా విధానమును నెలకొల్పినపిమ్మట జమీందారులు పేష్కషు చెల్లించి భూస్వాములుగా వ్యవహరించిరి. రైతునకు తాను సాగుచేయు భూమిపై శాశ్వతమైన సాగుబడి హక్కు కలదని 1908 నాటి ఎస్టేట్ల భూమి చట్టము స్పష్టముగా చెప్పెను. అయితే జమీందారుని సొంత కమతమునకు ఈ హక్కు వర్తింపదు. కావుననే ఒక చెలక కమతమా, జిరాయితీయా యను వివాదములు పుట్టినవి. కౌలుపత్రములోని ఒక్క మాటపై ఒక కుటుంబపు బ్రతుకు ఆధారపడియుండెను.

జమీందారీ వెలుపలి రైతువారీ గ్రామములలో తగవు వేరొక రూపము తాల్చినది. 1905 నాటి మూడవ చట్టము, అనగా భూముల ఆక్రమణ చట్టము, బాటలను, వాగులను, చెరువులను, ఇతరుల స్వామ్యములో లేని సమస్త భూములను సర్కారు ఆస్తిగా ప్రకటించినది. అనుమతి లేక దున్నినవానిపై శిస్తును, జరిమానాను విధించి, నోటీసిచ్చి, సంక్షేపముగ తొలగించు అధికారము రెవెన్యూ ఉద్యోగులకు లభించినది. పల్లెలలో ‘బి-మెమో’ యనియు, ‘శివాయి జమ’ యనియు వినవచ్చు మాట లీ చట్టపు సంతానమే. ఈ శిస్తు చెల్లించినంతమాత్రమున సాగుబడి హక్కు సంక్రమింపదని చట్టమే చెప్పుచున్నది. పెట్టెలో రసీదులు దాచుకొన్న రైతు దానిని చదివియుండడు. అతని దృష్టిలో సర్కారు తీసికొన్న రొక్కము సర్కారు ఒప్పుకొన్న హక్కే.

1948లో మద్రాసు ప్రభుత్వము చేసిన ఇరువదియారవ చట్టముతో ఎస్టేట్లు రద్దుగుట కారంభించినవి. రద్దయిన ఎస్టేటులోని బంజరులు, పోరంబోకులు, అడవులు, చెరువులు సర్కారున కధీనమైనవి. జిరాయితీ రైతునకు రైతువారీ పట్టా పొందు హక్కు కలిగినది. మరి జమీందారు పూర్వమిచ్చిన కౌళ్ల గతి యేమి? సక్రమమైనవి సర్కారుపైనను చెల్లునని చట్టము చెప్పెను. అయితే 1945 జూలై 1వ తేదీన గాని, ఆ తరువాత గాని ఒక సంవత్సరమునకు మించిన గడువుతో కలిగించిన హక్కులు సర్కారుపై చెల్లవు. రద్దు రానున్నదని యెరిగి తొందరపడి వ్రాసియిచ్చిన పత్రములను అడ్డుకొనుటకే ఈ నిబంధన యని మనము గ్రహింపవచ్చును.

చిత్తూరు జిల్లా 1953లో ఆంధ్రరాష్ట్రములో చేరినది. 1960 ఏప్రిల్ 1వ తేదీన తిరుత్తణి మద్రాసు రాష్ట్రమునకు పోగా నగరి ఇటనే నిలిచినది. రెండు రాష్ట్రములకును 1948 నాటి చట్టమే మూలము. దానిక్రింద భూస్వభావమును గూర్చి సెటిల్‌మెంటు అధికారి చెప్పినదే తుదిమాట కాదనియు, సివిలు న్యాయస్థానము విచారింపవచ్చుననియు తమిళనాటి రామలింగసామిగళ్ మఠపు వ్యాజ్యములో సుప్రీంకోర్టు 1985లో తీర్పు చెప్పినది.

భూమిలేని పేదలకు సర్కారు దరఖాస్తుపై ఇచ్చు భూమిని మన జిల్లాలో డి.కె.టి. పట్టా యందురు. ఆంధ్రప్రాంతములో 1954 జూన్ 18 నాటి ఉత్తర్వుతో ఇట్టి పట్టాలలో అన్యాక్రాంతము చేయరాదను షరతు చేరినది. అందుచే నేటికిని వ్యాజ్యములలో పట్టా తేదీయే మొదటి ప్రశ్న. 1977 నాటి తొమ్మిదవ చట్టము అసైన్డు భూముల విక్రయములను నిషేధించి, కొన్నవానికి హక్కు సంక్రమింపదని శాసించినది. పేదవానిని తన అవసరమునుండియే కాపాడుట దాని ఉద్దేశము. కాని కుమార్తె వివాహమునకో, వైద్యమునకో ఆ భూమి నమ్ముకొన్నవానికి అదియే సంకెల కూడ నైనది.

ఆక్రమణదారుని తొలగించు అధికారమునకు మేర ఎంతయో 1982లో నిర్ణయమైనది. హైదరాబాదు హబ్సిగూడలో ఉస్మానియా విశ్వవిద్యాలయము కొరకు నిజాం కాలమున సేకరించిన భూమిలో కొంత చిరకాలముగా ఇతరుల స్వాధీనములో నుండెను. సివిలు దావాలో విశ్వవిద్యాలయము ఓడినపిమ్మట తహసీలుదారు 1905 నాటి చట్టముక్రింద నోటీసులిచ్చెను. స్వామ్యమును గూర్చి నిజమైన వివాదమున్నచోట సర్కారు తానే తీర్పరియై సంక్షేపముగ తొలగింపరాదనియు, సివిలు న్యాయస్థానమునకే పోవలెననియు సుప్రీంకోర్టు నిర్ణయించినది. ప్రధాన న్యాయమూర్తి చంద్రచూడ్ వ్రాసిన ఈ తీర్పు సామాన్యునకు పెద్ద రక్ష.

అట్లని దీర్ఘకాలపు ఆక్రమణ యెల్ల హక్కుగా మారదు. సర్కారుపై ప్రతికూల స్వాధీనమునకు పూర్వము అరువదియేండ్లు కావలసియుండగా, 1963 నాటి కాలపరిమితి చట్టము దానిని ముప్పదికి కుదించినది. అదియు యజమాని హక్కును ధిక్కరించిన స్వాధీనమై యుండవలెను. కౌలుదారుగా ప్రవేశించినవాడు కౌలు నడచుచుండగా యజమాని హక్కును కాదనజాలడు. ఇక చెరువు గర్భమును, పశువుల బీడును దున్నుకొన్నవానికి 2011లో జగ్‌పాల్ సింగ్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు కఠినమైన సమాధానము చెప్పినది: ఊరుమ్మడి భూముల ఆక్రమణలను క్రమబద్ధము చేయు ఆచారము కూడదని. ఆ బీడులో మేయు పశువులు కూడ పేదలవే యని మనము మరువరాదు.

మొదటి ప్రశ్నకు సమాధాన మిప్పుడు కొంత తేటపడినది. రసీదు వేరు, కౌలు వేరు, పట్టా వేరు. మొదటిది జరిమానాకు సాక్ష్యము. రెండవది గడువుగల అనుమతి. మూడవది షరతులకు లోబడిన హక్కు. ఈ మూడింటి భేదమును, వానిని పుచ్చుకొను నాడే, రైతునకు అతని భాషలో చెప్పువారుండినచో మన న్యాయస్థానములలో ఎన్నియో దావాలు పుట్టకయే యుండెడివి. చెప్పవలసిన బాధ్యత కాగితమిచ్చిన కచేరీది. అడిగి తెలిసికొనవలసిన అవసరము మాత్రము నేల దున్నువానిది.