ప్రయోగాత్మక లఘుచిత్ర సంగీతం: విజయ రాఘవరావు కృషి
మన సినీసంగీత చరిత్రలు పాటల లెక్కతో మొదలై పాటల లెక్కతోనే ముగుస్తాయి. 1948లో ఏర్పడిన ఫిల్మ్స్ డివిజన్ లఘుచిత్రాల సంగీతానికి వాటిలో చోటు దక్కలేదు. మద్రాసులో జన్మించి, రవిశంకర్ వద్ద శిష్యరికం చేసిన వేణువిద్వాంసుడు విజయ రాఘవరావు ఆ చిత్రాలకు దీర్ఘకాలం సంగీతం సమకూర్చారు. ప్రమోద్ పతి తీసిన 'ఎక్స్‌ప్లోరర్' (1968)లో కథ లేదు, వ్యాఖ్యానమూ లేదు. క్షణక్షణం మారే దృశ్యాలను కలిపి ఉంచే భారమంతా ధ్వనిదే. అక్కడ రాగవిస్తారానికి వ్యవధి ఉండదు. దృశ్యం తెగిన చోటనే లయ మలుపు తిరగాలి. మరుసటి ఏడాది మృణాల్ సేన్ 'భువన్ షోమ్'కు ఆయనే సంగీతం కూర్చడం యాదృచ్ఛికం కాదనుకుంటాను. అప్పటి లైసెన్సు నిబంధన ప్రకారం ప్రతి థియేటరూ ప్రధాన చిత్రంతో పాటు ఆమోదిత లఘుచిత్రాన్ని చూపవలసి ఉండేది. బీర్కూర్ నుంచి బాన్సువాడకు సినిమాకు వెళ్ళిన ప్రేక్షకుడు టికెట్టు కొన్నది పాటల కోసమే కావచ్చు. ముందుగా వినవలసివచ్చింది మాత్రం ఈ సంస్థ సంగీతాన్నే.