వార్తాపీఠం వెలుపల: బార్బరా వాల్టర్స్ ముఖాముఖి

తెలుగు టెలివిజన్ వాడుకలో ‘యాంకర్’ అన్న మాట పాటల కార్యక్రమం నడిపేవారికీ వర్తిస్తుంది. 1970ల అమెరికాలో ఆ మాటకున్న బరువు వేరు. జాతీయ నెట్‌వర్క్‌లో సాయంకాల వార్తలు చెప్పే వ్యక్తి అని దాని అర్థం. ఆ వ్యక్తి పురుషుడేనని వేరే చెప్పనక్కరలేని కాలమది. 1976లో ఎ.బి.సి. ఆ స్థానంలో సహ యాంకర్‌గా బార్బరా వాల్టర్స్‌ను (1929–2022) నియమించింది. ఆ గౌరవం పొందిన తొలి మహిళగానే చరిత్ర ఆమెను స్మరిస్తుంది. అయితే ఆమె అసలు కృషి ఆ పీఠం మీద జరగలేదు.

1961లో ఆమె ఎన్.బి.సి. ఉదయ కార్యక్రమం ‘టుడే’లో రచయిత్రిగా చేరారు. కొన్నేళ్లకే తెరమీదికి వచ్చినా సహ నిర్వాహకురాలన్న హోదా 1974 వరకు దక్కలేదు. 1971లో ప్రధాన నిర్వాహకుడైన ఫ్రాంక్ మెగీ ఒక షరతు పెట్టాడు: స్టూడియోకు వచ్చిన ముఖ్య అతిథిని మొదటి మూడు ప్రశ్నలు తానే అడగాలి, నాలుగోది ఆమె అడగవచ్చు. యాజమాన్యం దానిని అంగీకరించింది. షరతు స్టూడియో గోడల వరకే పరిమితమని గ్రహించిన వాల్టర్స్, ప్రముఖులకు స్వయంగా ఉత్తరాలు రాసి వారున్న చోటికే వెళ్లడం మొదలుపెట్టారు. ఆమె ముఖాముఖి పద్ధతి కేవలం సహజప్రతిభా ఫలం కాదు. మూసిన తలుపు పక్కన వెతుక్కున్న దారి కూడా.

ఎ.బి.సి.లో ఏడాదికి పది లక్షల డాలర్ల వేతనమే పెద్ద వార్త అయింది. అందులో సగం ప్రత్యేక ముఖాముఖి కార్యక్రమాల పద్దులోదన్న సంగతి చాలామందికి పట్టలేదు. సహ యాంకర్ హ్యారీ రీజనర్ అయిష్టం తెరమీదే కనిపించేది. ఆ జంట రెండేళ్లు మాత్రమే నిలిచింది. ఆ కష్టకాలంలోనే, 1977 నవంబరులో, జెరూసలేం వెళ్లిన ఈజిప్టు అధ్యక్షుడు సాదత్‌ను, ఇజ్రాయెల్ ప్రధాని బెగిన్‌ను పక్కపక్కన కూర్చోబెట్టి ఆమె ప్రశ్నించారు. క్యూబా అధినేత కాస్ట్రోతో ముఖాముఖి కూడా ఆ ఏడాదిదే.

రాజకీయానికీ వ్యక్తిగత కుతూహలానికీ మధ్య గీతను ఆమె చెరిపివేశారన్న విమర్శ నిరాధారం కాదు. 4.5 కోట్లకు పైగా ప్రేక్షకులు చూసిన 1999 నాటి మోనికా లెవిన్‌స్కీ ముఖాముఖి అందుకు నిదర్శనం. కాని అంతరంగాన్ని తడిమే ప్రశ్నలను దేశాధినేతలకూ సంధించిన వ్యక్తిని చలనచిత్ర తారల పరామర్శకురాలిగా మాత్రమే చూడడం అన్యాయం.

1978లో ఎ.బి.సి. సాయంకాల వార్తలను పునర్వ్యవస్థీకరించి ముగ్గురు పురుష యాంకర్లకు అప్పగించింది. నెట్‌వర్క్ వారపు సాయంకాల వార్తలకు ఒక మహిళ ఏకైక శాశ్వత యాంకర్ కావడానికి 2006లో సి.బి.ఎస్. కేటీ కూరిక్‌ను నియమించేదాకా ఆగవలసి వచ్చింది.