బోడికొండ కింద ఒక పగలు



మా బడిలో ఒక పాత గ్లోబు ఉంది. ఇరుసు వదులైపోయి, ఎంత గట్టిగా తిప్పినా చివరికి అట్లాంటిక్ మహాసముద్రం దగ్గరికే వచ్చి ఆగుతుంది. అలా ఆగిన చోట, ఉత్తర దక్షిణ అమెరికాల నడుమ, విల్లు వంచినట్టు వరసగా కొన్ని చుక్కలు కనిపిస్తాయి. అవి కరీబియన్ దీవులు. వాటిలో ఒక చుక్క పేరు మార్తినీక్. ఫ్రాన్సు దేశానికి చెందిన దీవి. అందులో సెయింట్ పియేర్ అనే పాత పట్టణం ఉంది. ఇవాళ మిమ్మల్ని అక్కడికి తీసుకువెళ్తాను.

నేను ఆ ఊరు కంటితో చూసినవాణ్ణి కాదు. ఆ సంగతి ముందే చెప్పేస్తున్నాను. చదివి, పటాలు ముందు పెట్టుకుని, పిల్లలకు పాఠం చెప్పి చెప్పి తెలుసుకున్నది. అక్కడికి వచ్చే యాత్రికులను గైడు ఒక్క రోజులో ఏయే చోట్లకు తిప్పుతాడో, ఆ దారినే మనమూ నడుద్దాం. టిక్కెట్టు అక్కర్లేదు. రేడియో దగ్గర కాస్త సర్దుకుని కూర్చోండి, చాలు.

పొద్దున్నే రాజధాని ఫోర్ ద ఫ్రాన్స్‌లో బస్సు ఎక్కుతాం. పడమటి తీరం వెంట ఉత్తరంగా ముప్పై కిలోమీటర్లు ఉంటుందేమో. ఎడమవైపు సముద్రం, కుడివైపు పచ్చటి కొండవాలు. దారిలో కార్బే అనే ఊరు వస్తుంది. పాల్ గోగాన్ అనే ఫ్రెంచి చిత్రకారుడు 1887లో కొన్ని నెలలు ఆ చుట్టుపక్కల ఉండి బొమ్మలు గీశాడు. గైడు ఆ మాట చెప్పేలోపే బస్సు కార్బే దాటుతుంది. ఇంకాస్త దూరం పోగానే ఎదురుగా ఒక పెద్ద కొండ. దాదాపు 1,400 మీటర్ల ఎత్తు. తల మీద ఎప్పుడూ మబ్బు ముసుగే. ఆ కొండ పేరు పెలే. ఫ్రెంచిలో ఆ మాటకు బోడిది అని అర్థం. మన ఊళ్లలో ఎన్ని బోడికొండలు లేవూ! ఇదీ ఒక బోడికొండే. కాకపోతే కడుపులో నిప్పు పెట్టుకున్న కొండ. దాని పాదాల దగ్గర, సముద్రం ఒడ్డున ఉంది మన ఊరు.

బస్సు దిగేది రేవు పక్కన ఉన్న బెర్తాన్ మైదానంలో. 1635లో ఫ్రెంచివాళ్లు ఈ ఊరు కట్టారు. దీవికి రాజధాని వేరే ఊరైనా, డబ్బంతా ఇక్కడే ఉండేది. చక్కెర పీపాలు, రమ్ము అనే చెరకు సారాయి పీపాలు ఈ మైదానం నిండా దొర్లేవట. గుర్రాలు లాగే ట్రాము, నాటకశాల, వృక్షశాస్త్ర ఉద్యానవనం, ఉన్నత పాఠశాల, దినపత్రికలు అన్నీ ఉండేవి. కరీబియన్ దీవుల పారిస్ అని ఊరికే అనలేదు. వీధుల పక్కన కాలవల్లో కొండ మీది నీళ్లు గలగలమంటూ పారుతూ ఉండేవి. మైదానం పక్కన ఇప్పుడు కనిపించే వర్తకుల భవనం పాతది కాదు. పాత భవనం నమూనా చూసి 1992లో మళ్లీ కట్టిందే.

ఇక్కణ్ణించి పైకి నడవాలి. ముందు నాటకశాల. 1786లో కట్టింది, ఎనిమిది వందల మంది కూర్చునేంతది. ఇప్పుడు మిగిలినవి రెండు పక్కల నుంచి పైకెక్కే రాతిమెట్లు, మొండిగోడలు. మెట్లెక్కి లోపలికి చూస్తే ఆకాశం కనిపిస్తుంది. దాని పక్కనే జైలు. ఆ జైలు ఆవరణలో ఒక చిన్న రాతి కొట్టు. గోడలు దళసరి, కిటికీ లేదు, గాలి కోసం సన్నని సందు. యాత్రికులంతా ఫొటోలు తీసుకునేది ఇక్కడే. గైడు గొంతు సవరించుకుని కథ మొదలుపెట్టేదీ ఇక్కడే.

1902 మే 8, గురువారం. ఏసు స్వర్గారోహణ పండుగ. పొద్దున్న ఎనిమిది గంటలు దాటీ దాటకముందే పెలే కొండ పక్క చీలి నల్లటి మేఘం ఒకటి బయటికి దూకింది. పైకి లేవలేదు. వాలు వెంట కిందికి దొర్లింది. వందల డిగ్రీల వేడిగల వాయువు, బూడిద, రాళ్లు కలిసిన మేఘం అది. కొండ శిఖరానికీ ఊరికీ మధ్య ఏడెనిమిది కిలోమీటర్ల దూరం ఉంది. ఆ దూరం దాటడానికి దానికి ఒకటి రెండు నిమిషాలు పట్టిందంటారు. సుమారు 28,000 మంది చనిపోయారు. రేవులో ఉన్న ఓడలు లంగరు మీదే తగలబడ్డాయి. ఆ రాతి కొట్టులో ఒంటరి శిక్షలో ఉన్న సిపారిస్ అనే ఖైదీ మాత్రం ఒళ్లంతా కాలి బతికాడు. నాలుగు రోజులకు ఎవరో మూలుగు విని బయటికి తీశారు. తర్వాత అతణ్ణి అమెరికా సర్కసు కంపెనీ ఒకటి ఊరూరా తిప్పి, చావు ఊరు నుంచి బతికి వచ్చినవాడని చూపించి డబ్బు చేసుకుంది.

ఊరంతటికీ అతనొక్కడే మిగిలాడని కథ. వినడానికి బాగుంటుంది గాని పూర్తి నిజం కాదు. ఊరి అంచున చెప్పులు కుట్టే లెయోన్ కాంపేర్ అనే అతనూ బతికాడు. రోడ్డాం అనే ఓడ సగం కాలి, మంటలతోనే రేవు దాటి బయటపడింది. అయినా గైళ్లకు ఒక్కడి కథే ఇష్టం. పాఠం చెప్పేవాళ్లం మనకూ అదే జబ్బు ఉంది లెండి.

ఇంకో కథ కూడా గైడు చెబుతాడు. మే 11న ఎన్నికలు ఉన్నాయి కాబట్టి, ఓట్లు పోతాయని గవర్నరు జనాన్ని ఊరు దాటనివ్వలేదని. చాలా పుస్తకాల్లో ఇది అచ్చయింది. ఇందులో నిజమెంతో చరిత్రకారులు ఇంకా వాదించుకుంటూనే ఉన్నారు. మూతే అనే ఆ గవర్నరు మే 7న భార్యను వెంటబెట్టుకుని తానే ఈ ఊరికి వచ్చాడు. మర్నాడు ఇద్దరూ పోయారు. ప్రమాదం ఉందని తెలిసినవాడు ఆ పని చేస్తాడా? పైగా జనం ఊరు వదలడం కాదు, కొండ మీది పల్లెల వాళ్లు ఇక్కడైతే క్షేమమని ఊళ్లోకే వచ్చి చేరారు.

వాళ్లకు ఆ ధైర్యం ఎవరిచ్చారు? ఇక్కడ నాకు కాళ్లు ఆగిపోతాయి. ఆ ఊరి ఉన్నత పాఠశాలలో గాస్తోన్ లాండ్ అనే ఉపాధ్యాయుడు ఉండేవాడు. ప్రకృతి శాస్త్రం చెప్పేవాడు. కొండ పొగ కక్కుతుంటే, బూడిద రాలుతుంటే, జనం వెళ్లి అడిగేది ఆయననే. మే 5న వేడి బురద వరద వచ్చి గెరాన్ వారి చక్కెర ఫ్యాక్టరీని మనుషులతో సహా కప్పేసింది. అప్పుడు గవర్నరు వేసిన సంఘంలో ఆయనా ఒకడు. మే 7న ఆ సంఘం తేల్చిందేమిటంటే, కొండ బిలాలు, లోయలు ఉన్న తీరును బట్టి వచ్చేదేదైనా లోయల వెంట సముద్రంలోకి పోతుంది, ఊరికి భయం లేదని. ఆ రోజుకు తెలిసిన శాస్త్రం ప్రకారం ఆ మాట తప్పు కాదు. లావా అయితే అలాగే పోయేది. బురదా అలాగే పోయింది. కానీ వచ్చింది మేఘం. మేఘానికి లోయతో ఏం పని? అది గట్లు దాటుకుని తిన్నగా ఊరి మీదికి వచ్చింది. అలాంటి మేఘం ఒకటుందని అప్పటి పుస్తకాల్లో లేదు. లాక్రువా అనే ఫ్రెంచి శాస్త్రవేత్త తర్వాత వచ్చి పరిశోధించి, దానికి మండే మేఘం అని పేరు పెట్టి, 1904లో పెద్ద గ్రంథం రాశాడు. లాండ్ మాస్టారు ఆ గ్రంథం చూడలేదు. మే 8న కాలిన గాయాలతో ఆయనా పోయాడు.

ఆయన అబద్ధం చెప్పలేదు. పారిపోలేదు కూడా. తనకు తెలిసింది చెప్పి, ఆ మాట మీదే తానూ నిలబడ్డాడు. ఇరవై ఏళ్లుగా నల్లబల్ల ముందు నిలబడుతున్నాను. నాకు తెలిసిందే చెబుతున్నాను. పుస్తకంలో లేనిది పిల్లవాడు అడిగినప్పుడు ఏమనాలో ఇంకా కుదరడం లేదు.

భోజనాలయ్యాక మ్యూజియం. ఫ్రాంక్ పెరెట్ అనే అమెరికను అగ్నిపర్వత శాస్త్రజ్ఞుడు 1933లో దీన్ని పెట్టాడు. వేడికి నలిగి వంకరపోయిన పెద్ద చర్చి గంట ఉంది. ముద్దయిపోయిన మేకులు, కరిగి వంగిన గాజు సామాను ఉన్నాయి. 2019లో దీన్ని బాగుచేసి, చనిపోయినవారి స్మారకంగా మళ్లీ తెరిచారు. అక్కడ ఒక గోడ మీద పేర్లు రాసి ఉంటాయి. పేర్లు దొరికినవి సుమారు ఏడు వేలు. చనిపోయినవారు ఇరవై ఎనిమిది వేలు. మిగిలిన లెక్క మీరే వేసుకోండి.

సాయంత్రం మళ్లీ రేవుకే వస్తాం. బస్సుకు ఇంకా వ్యవధి ఉంది. గైడు చెప్పవలసిందంతా చెప్పేశాడు. ఈ కాస్త సమయంలో నేను చెప్పదలచుకున్నది ఇంకొకటి ఉంది.

ఆ చక్కెర, ఆ నాటకశాల, ఆ ట్రాము ఎవరి చెమట? ఆఫ్రికా నుంచి తెచ్చిన బానిసలది. 1848 మే నెలలో రొమేన్ అనే బానిసను డప్పు కొట్టినందుకు పట్టుకుంటే, మే 22న సెయింట్ పియేర్‌లో బానిసలు తిరగబడ్డారు. మర్నాడే గవర్నరు బానిసత్వం రద్దు ప్రకటించాడు. పారిస్‌లో రద్దు ఆజ్ఞ ఏప్రిల్ 27నే రాశారు గాని, అది సముద్రం దాటి వచ్చేదాకా వీళ్లు ఆగలేదు. సరే, స్వేచ్ఛ వచ్చింది. మరి చెరకు కొట్టేదెవరు? దొరలు ఇటువైపు చూశారు. 1853 మే 6న ఒరేలీ అనే ఓడ పుదుచ్చేరి వైపు నుంచి మూడు వందల పైచిలుకు కూలీలను తెచ్చి దింపింది ఈ రేవులోనే. అయిదేళ్ల ఒప్పందం. ఆ తర్వాత ముప్పై ఏళ్లలో మార్తినీక్‌కు వచ్చినవాళ్లు ఇరవై అయిదు వేల దాకా ఉంటారు. కొందరు తిరిగి వచ్చారు, కొందరు అక్కడే మట్టిలో కలిశారు, కొందరు అక్కడే వేళ్లూనుకున్నారు. ఎక్కువమంది తమిళనాడు వాళ్లు. తెలుగువాళ్లూ ఉన్నారు. అంతకు ముందే, 1828లో, యానాం నుంచి కొందరు తెలుగు కూలీలను హిందూ మహాసముద్రంలోని రీయూనియన్ దీవికి తీసుకుపోయిన చరిత్ర కూడా ఉంది. ఫ్రెంచివాళ్ల కాగితాల్లో వాళ్లను తెలింగాలు అని రాశారు.

మార్తినీక్ ఆడవాళ్లు పండుగకు తలకు చుట్టే గళ్ల రుమాలును ఇప్పటికీ మద్రాస్ అంటారు. ఆ మద్రాసు రుమాళ్లు నేసిన చోట్లలో మన చీరాల ఒకటి. దీవికి ఉత్తరం కొసన, చెరకు తోటల దగ్గర, మారియమ్మ గుళ్లున్నాయి. కూర మసాలాకు కొలంబో అని పేరు. భాష మాత్రం పోయింది. ఇంట్లో క్రియోల్, బడిలో ఫ్రెంచి. పేర్లే మిగిలాయి. గుమాస్తా చెవికి వినిపించినట్టు ఫ్రెంచి అక్షరాల్లో రాసుకుంటే, మనిషి పేరే వంశానికి ఇంటిపేరైపోయింది. ఆ దీవుల్లో వీరాస్వామి ఇంటిపేరు, ముత్తుస్వామి ఇంటిపేరు. ఆ మొదటి వీరాస్వామి ఓడ ఎక్కేముందు అమ్మను ఏ భాషలో పిలిచాడో ఆ కాగితం చెప్పదు.

మా తరగతిలో ఇద్దరు వీరాస్వాములు ఉన్నారు. ఒకడి ఇంట్లో తెలుగు, ఇంకొకడి ఇంట్లో తమిళం. హాజరు పిలిస్తే ఇద్దరూ ఒకేసారి లేచి నిలబడతారు.

అదిగో, డ్రైవరు హారను కొడుతున్నాడు. చీకటి పడకముందే ఫోర్ ద ఫ్రాన్స్ చేరాలి. వెనక్కి చూస్తే బోడికొండ మళ్లీ మబ్బులోకి వెళ్లిపోయింది. 1932 తర్వాత అది పేలలేదు. 2023లో ఆ కొండనూ దాని చుట్టూ ఉన్న అడవులనూ యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. కొండ కింద వీధుల్లో మళ్లీ కొన్ని వేలమంది కాపురముంటున్నారు. పాత గోడలను పడగొట్టకుండా, వాటికే ఆనించి ఇళ్లు కట్టుకున్నారు.

సెలవు.