కారు నడిపిన నటుడు

1977 జనవరి 6న ప్రాగ్ వీధుల్లో ఒక సాబ్ కారు వెంట పోలీసు కార్లు పడ్డాయి. నడుపుతున్నది పావెల్ లాండోవ్‌స్కీ, పేరున్న క్యారెక్టర్ నటుడు. కారులో నాటక రచయిత వాత్స్లావ్ హావెల్, నవలాకారుడు లుద్విక్ వత్సులిక్, బోలెడు కవర్లు. కవర్లలో ఉన్నవి ‘చార్టర్ 77’ ప్రతులు. కొన్నిటిని దారిలో పోస్టు డబ్బాలో వేయగలిగారు. తర్వాత ముగ్గురూ దొరికిపోయారు.

అంత వెంటపడాల్సినంతగా ఆ కాగితంలో ఏముంది? మానవ హక్కుల ఒడంబడికలకు చెకోస్లొవాకియా ప్రభుత్వమే ఒప్పుకుంది, 1976లో తన చట్టాల సంపుటిలో అచ్చు కూడా వేసింది. అచ్చువేసినదాన్ని పాటించమని 242 మంది సంతకాలు పెట్టి అడిగారు. 1968 ఆగస్టులో సోవియట్ ట్యాంకులు వచ్చిన నాటి నుంచీ అలా అడిగినవాళ్ల ఉద్యోగాలు ఊడుతూనే ఉన్నాయి. చార్టర్ వచ్చిన ఆ రోజుల్లోనే మన దేశంలోనూ ఎమర్జెన్సీ. మనకు మార్చిలో ఓటు వేసే రోజు వచ్చింది. అలాంటి రోజు కోసం చెక్ ప్రజలు మరో పదమూడేళ్ల పైచిలుకు ఎదురుచూడాల్సి వచ్చింది.

లాండోవ్‌స్కీ 1936లో పుట్టాడు. నాటక విద్యాలయం పలుమార్లు సీటు నిరాకరిస్తే చిన్న ఊళ్ల రంగస్థలాల మీదే పని నేర్చుకున్నాడు. 1966లో ప్రాగ్‌లోని చినోహెర్నీ క్లబ్‌లో చేరాడు. నాటకాలూ రాశాడు. భారీ మనిషి, బొంగురు గొంతు.

ఆ గొంతు విలువ తెలియాలంటే హావెల్ రాసిన ‘ఆడియెన్స్’ వినాలి. నిషేధానికి గురైన హావెల్ 1974లో ఒక బీరు ఫ్యాక్టరీలో కూలిపని చేశాడు. నాటకం అక్కడి నుంచే పుట్టింది. బీరు కాచే మేస్త్రీ, పీపాలు దొర్లించే రచయిత, ఇద్దరే పాత్రలు. రచయిత మీద పోలీసులకు సమాచారం అందించడం మేస్త్రీకి అంటగట్టిన పని. పాపం, అతనికి రాయడం చేతకాదు. సీసా మీద సీసా ఖాళీ చేస్తూ, నీ మీద నివేదికలు నువ్వే రాసిపెట్టు, గోదాంలో సుఖమైన పని ఇప్పిస్తానని బతిమాలతాడు. రాజ్యం మనుషుల్ని ఎలా నలిపిందో ఇంత దగ్గరగా చూపిన రచన అరుదు.

1978లో రచయితగా హావెల్, మేస్త్రీగా లాండోవ్‌స్కీ గొంతు ఇచ్చి దాన్ని రికార్డు చేశారు. స్వీడన్‌లో గ్రామఫోన్ రికార్డుగా వచ్చింది, స్వదేశంలో టేపుల మీద చేతులు మారింది. ‘ముత్యాలముగ్గు’లో రావు గోపాలరావు మాటల్ని మైకుల్లో విన్న తరానికి ఆ రుచి తెలుసు. చెక్ వాళ్లు తలుపులు వేసుకుని విన్నారు.

చార్టర్ తర్వాత లాండోవ్‌స్కీకి స్వదేశంలో వేదిక లేకుండా పోయింది. వియన్నా చేరి బుర్గ్ థియేటర్‌లో, పరాయి భాష జర్మన్‌లో నటించాడు. చెక్ రచయిత కుందేరా నవల ఆధారంగా 1988లో వచ్చిన హాలీవుడ్ చిత్రంలో పందిపిల్లను పెంచే పల్లెటూరి రైతు ఆయనే.

1989లో పాలన కూలింది, హావెల్ అధ్యక్షుడయ్యాడు, లాండోవ్‌స్కీ తిరిగొచ్చాడు. 1992లో ‘చెర్నీ బరోని’ అనే చిత్రం. ప్రభుత్వం నమ్మని యువకులకు తుపాకీ బదులు పార ఇచ్చిన 1950ల నాటి సైనిక దళాల కథ అది. వాళ్ల మీద అరిచే మొద్దు మేజర్ వేషం ఈయనదే. 2014లో 78వ ఏట చనిపోయాడు. చార్టర్ కారు సంగతి తెలియని చెక్ కుర్రాళ్లకు కూడా ఆ మేజర్ తెలుసు.